యాక్సిడెంట్ కేసులో డబ్బు తక్కువొచ్చింది, హైకోర్టుకి పోవచ్చా?

ఈసారి వచ్చిన ఉత్తరాల్లో సగానికి పైగా ఒకటే ప్రశ్న. యాక్సిడెంట్ కేసులు చూసే ట్రిబ్యునల్ ఇచ్చిన నష్టపరిహారం సరిపోలేదు, పైకి పోవాలా వద్దా అని. అందుకని వేరే సందేహాలన్నీ వచ్చే సంచికకి పక్కన పెట్టి ఇవే తీసుకున్నా. మొదటి ఉత్తరానికి జవాబు బాగా పొడుగైంది, కానీ మిగతావాళ్లు కూడా అది చదివాకే తమ జవాబుకి రండి, ఎందుకంటే లెక్క మొత్తం అక్కడే ఉంది.

ప్రశ్న: లాయర్ గారికి నమస్కారం. నేను టైల్స్ మేస్త్రిని. 2021లో బైక్ మీద పనికి పోతుంటే వెనకనుంచి కారు గుద్దింది, అప్పటికి నా వయసు 33. కుడికాలు మోకాలి కింద రెండు ఎముకలూ విరిగాయి, రాడ్డు వేశారు, తర్వాత ఇంకో ఆపరేషన్ అయింది. మెడికల్ బోర్డు 40 శాతం అని సర్టిఫికెట్ ఇచ్చింది. నెలకి 20 వేలు సంపాదించేవాణ్ణి. 15 లక్షలకి కేసు వేస్తే పోయిన నెల 4,47,400 ఇచ్చారు. మా లాయరేమో వచ్చింది తీసుకో, హైకోర్టంటే ఏళ్లు పడుతుంది అంటున్నాడు. మా బావమరిది ఊరుకోవద్దంటున్నాడు. ఇప్పుడు ఈ డబ్బు తీసేసుకుంటే అప్పీలు హక్కు పోతుందా? అసలు అప్పీలులో పెరుగుతుందా? తీర్పు జిరాక్స్ జతచేశాను.

జవాబు: తీర్పు కాగితాలు పంపడం చాలా మంచి పని చేశారు, చాలామంది "తక్కువిచ్చారు" అని ఒక్క ముక్క రాసి వదిలేస్తారు, ఎంత తక్కువో ఎక్కడ తక్కువో చూడకుండా నేనేం చెప్పేది. నాకు 15 లక్షలు కావాలి 4 లక్షలే ఇచ్చారు అంటే హైకోర్టు వినదండీ. ఫలానా పద్దు కింద ఇవ్వాల్సింది ఇవ్వలేదు, ఫలానా లెక్క తప్పు కట్టారు, దానికి సాక్ష్యం ఇదిగో ఫైల్లోనే ఉంది అని చూపించాలి. అందుకే మీ తీర్పులో ఆఖరి పేజీ కాదు, దానికి ముందు రెండు మూడు పేజీలు ముఖ్యం, అక్కడ పద్దుల వారీగా కట్టిన లెక్క ఉంటుంది.

మీకు ఇచ్చింది ఇలా ఉంది. భవిష్యత్తులో పోయే సంపాదన కింద 2,30,400. నొప్పి, బాధ కింద 40,000. ఆస్పత్రి బిల్లులు 1,62,000. రవాణా, పోషకాహారం కలిపి 15,000. కూడితే 4,47,400.

మొదటి పద్దు చూద్దాం, అసలు కథంతా దాన్లోనే ఉంది. మీ ఆదాయం నెలకి 8,000 అనుకున్నారు, ఏడాదికి 96,000, మీ వయసుకి మల్టిప్లయర్ (ఏడాది సంపాదనని ఎన్నింతలు చెయ్యాలో చెప్పే అంకె) 16, వైకల్యం 15 శాతం, అలా 2,30,400 వచ్చింది. ఇందులో మల్టిప్లయర్ ఒక్కటే కరెక్టు. 2009లో సరళా వర్మ కేసులో సుప్రీంకోర్టు వయసుల వారీగా పట్టిక ఇచ్చింది, 31 నుంచి 35 ఏళ్ల వాళ్లకి 16, 36 నుంచి 40కి 15, అట్లా తగ్గుతూ పోతుంది. యాక్సిడెంట్ రోజు వయసే చూస్తారు, తీర్పు రోజు వయసు కాదు, ఆ ముక్క కొందరు పొరపడతారు.

ఇంక తప్పులు. మీ ఆదాయానికి భవిష్యత్తులో పెరుగుదల అస్సలు కలపలేదు. 2017లో ప్రణయ్ సేఠీ కేసులో అయిదుగురు జడ్జీల బెంచ్ చెప్పింది, పర్మనెంట్ ఉద్యోగం లేకుండా సొంత పని చేసుకునేవాళ్లకి 40 ఏళ్ల లోపు అయితే 40 శాతం, 40 నుంచి 50 మధ్య 25 శాతం, 50 నుంచి 60 మధ్య 10 శాతం కలపాలని. అది చనిపోయిన కేసు కదా అని గాయాల కేసుల్లో కొన్ని ట్రిబ్యునళ్లు కలపకుండా వదిలేస్తుంటాయి. కానీ 2020లో పప్పు దేవ్ యాదవ్ కేసులో సుప్రీంకోర్టు స్పష్టంగా చెప్పేసింది, శాశ్వత వైకల్యం వచ్చినవాళ్లకి కూడా కలపాల్సిందే అని. ఆ కేసులో డేటా ఎంట్రీ పని చేసే మనిషికి కుడిచెయ్యి పోతే హైకోర్టు వైకల్యాన్ని 45 శాతానికి దించింది, సుప్రీంకోర్టు 65 శాతానికి పెంచింది. టైపు కొట్టేవాడికి చెయ్యి పోతే మిగిలేదేముంది చెప్పండి. ఇంకేమీ మార్చకుండా ఈ 40 శాతం ఒక్కటి కలిపినా మీ 2,30,400 కాస్తా 3,22,560 అవుతుంది.

రెండోది ఆదాయం. మీరు 20 వేలు అన్నారు, కాగితం ఒక్కటీ పెట్టలేదు, అందుకని 8 వేలకి దించారు. మేస్త్రీకి శాలరీ స్లిప్ ఎవరిస్తారండీ. 2014లో సయ్యద్ సాదిక్ కేసులో ఒక కూరగాయలు అమ్ముకునే అబ్బాయికి కాలు తీసేస్తే, అట్లాంటి పనులు చేసుకునేవాళ్లు ఆదాయానికి కాగితాలు చూపించాలని పట్టుబట్టకూడదని చెప్పి నెలకి 6,500 లెక్కన తీసుకుంది సుప్రీంకోర్టు, అది 2008 నాటి యాక్సిడెంట్. మరి 2021లో పనితనం తెలిసిన మేస్త్రీకి 8 వేలంటే ఆ తీర్పు పక్కన పెట్టి చూస్తే చాలు తేడా తెలుస్తుంది. ఆ ఏడాది మీ రాష్ట్రంలో నిర్మాణ పనివాళ్లకి ప్రభుత్వం ప్రకటించిన కనీస వేతనం జీవో ఉంటుంది, మీ లాయర్‌తో అది తెప్పించి అప్పీలు కారణాలు రాసే గ్రౌండ్స్‌లో పెట్టించండి. 20 వేలు ఒప్పుకుంటారని నేను చెప్పను, మీరూ ఆశ పెట్టుకోవద్దు, కానీ 8 వేల దగ్గర ఆగాల్సిన పనిలేదు.

మూడోది అన్నిటికన్నా పెద్దది, ఆ 15 శాతం. ఇక్కడ మీకూ ఒక మాట చెప్పాలి, మీరు 40 శాతం సర్టిఫికెట్ ఉంది కదా 40 శాతం ఇవ్వాలి అనుకుంటున్నారు, అది కూడా కరెక్టు కాదు. ఆ 40 శాతం మీ కాలుకి, ఒంటికి మొత్తం కాదు. కోర్టు చూసేది ఈ దెబ్బ వల్ల నీ సంపాదన ఎంత పోయింది అని. 2010లో రాజ్ కుమార్ వర్సెస్ అజయ్ కుమార్ కేసులో సుప్రీంకోర్టు ఇది వివరంగా చెప్పింది, గాయాల కేసులు వేసే ప్రతి లాయరూ చదవాల్సిన తీర్పు అది. అందులో ఉదాహరణ ఏంటంటే ఎడమచెయ్యి పోయిన మనిషి డ్రైవరో వడ్రంగో అయితే సంపాదన దాదాపు నూటికి నూరు పోయినట్టే, అదే గవర్నమెంటు ఆఫీసులో గుమస్తా అయితే ఉద్యోగం పోకపోవచ్చు. చెయ్యి ఒకటే, సర్టిఫికెట్టూ ఒకటే, లెక్క మాత్రం వేరు.

ఇప్పుడు మీ పని చూడండి. టైల్స్ పరిచే మనిషి రోజంతా గొంతుకూర్చునో మోకాళ్ల మీదో ఉండాలి. మీ కేసులో ఆపరేషన్ చేసిన డాక్టరే పీడబ్ల్యూ-2గా, అంటే మీ తరఫు రెండో సాక్షిగా వచ్చి, ఈయన ఇంక గొంతుకూర్చోలేడు, బరువు మొయ్యలేడు అని చెప్పాడు, మీ తీర్పులో అయిదో పేజీలోనే ఉంది ఆ మాట. అంత మంచి సాక్ష్యం ఉండి కూడా ట్రిబ్యునల్ 15 శాతం అని రాసి ఎందుకో కారణం రాయలేదు. అప్పీలుకి ఇంతకన్నా బలమైన పాయింట్ ఉండదు. అయితే మీరు నిలబడి చేసే పనో, కూర్చుని చేసే పనో ఇంకోటి చేసుకోవచ్చు అని అవతల ఇన్సూరెన్స్ లాయరు వాదిస్తాడు, దాంట్లోనూ కొంత నిజం ఉంది, కాబట్టి నూటికి నూరు రాదు. ఒకమాటకి ఆదాయం 12 వేలు, వైకల్యం 30 శాతం అనుకుందాం. 12 వేలకి 40 శాతం కలిపితే 16,800, ఏడాదికి 2,01,600, ఇంటూ 16, దాన్లో 30 శాతం అంటే 9,67,680. అదే పద్దు, 2,30,400 ఉన్న చోట. ఇంతే వస్తుందని కాదు, లెక్క ఎక్కడ కదిలితే ఎంత కదులుతుందో మీకు అర్థం కావాలని కట్టి చూపించా.

ఇంకో సంగతి, చనిపోయిన కేసుల్లో సొంత ఖర్చు అని మూడో వంతో నాలుగో వంతో తీసేస్తారు, గాయాల కేసులో తియ్యకూడదు, మనిషి బతికే ఉన్నాడు తినాలి కదా. మీ దాంట్లో తియ్యలేదు, బాగుంది, కానీ ఇది చదివే మిగతావాళ్లు మీ తీర్పుల్లో ఒకసారి చూసుకోండి.

చికిత్స టైములో పోయిన సంపాదన అని ఒక పద్దు ఉండాలి, మీ తీర్పులో అది అసలు లేదు. రెండు ఆపరేషన్లు, మంచంలో ఆరు నెలలు, ఆ ఆరు నెలల కూలి ఏది? ఆ రాడ్డు తీయించడానికి ఇంకో ఆపరేషన్ కావాలని డాక్టర్ చెప్పి ఉంటే భవిష్యత్ వైద్య ఖర్చు కూడా అడగాలి. నడక, ఆట, పిల్లల్ని ఎత్తుకోవడం లాంటివి పోయినందుకు వేరే పద్దు ఉంటుంది, అదీ లేదు. బిల్లులు మీరు 2,10,000కి పెట్టారు, 1,62,000 ఇచ్చారు, మిగతా 48 వేలు మందుల షాపు బిల్లుల్లో పేరు లేదనో చీటీ లేదనో కొట్టేశారు, దాని మీద నేనైతే పెద్దగా పోట్లాడను, ఒక పేరా రాసి వదిలేస్తా.

సరే అసలు మీరడిగిన ప్రశ్నలకి. డబ్బు తీసుకుంటే అప్పీలు హక్కు పోదు. ఇచ్చింది తీసుకుని, ఇవ్వనిదాని కోసం పైకి పోవచ్చు. ఒక్క జాగ్రత్త, డబ్బు తీసుకునేటప్పుడు కేసు మొత్తం సెటిల్ అయిపోయింది, ఇంక నాకు ఏ క్లెయిమూ లేదు అని రాసున్న కాగితం మీద సంతకం పెట్టొద్దు, చదవకుండా అసలే పెట్టొద్దు. అవార్డు (ట్రిబ్యునల్ తీర్పు) చెప్పిన 30 రోజుల్లో ఇన్సూరెన్స్ వాళ్లు డిపాజిట్ చెయ్యాలని మోటారు వాహనాల చట్టం 168వ సెక్షన్లో ఉంది.

అప్పీలు 173వ సెక్షన్ కింద, అవార్డు తేదీ నుంచి 90 రోజుల్లో, ట్రిబ్యునల్ ఏ రాష్ట్రంలో ఉంటే ఆ రాష్ట్రం హైకోర్టులో వెయ్యాలి. మన రెండు రాష్ట్రాల్లోనూ దాన్ని ఎంఏసీఎంఏ (మోటార్ యాక్సిడెంట్ సివిల్ మిసిలేనియస్ అప్పీల్) అంటారు, కింద కోర్టులో కేసుకి ఎంవీఓపీ నంబరు ఉన్నట్టు పైన ఈ నంబరు వస్తుంది. వివాదంలో ఉన్న మొత్తం లక్ష రూపాయల కన్నా తక్కువైతే అప్పీలు లేదు, పాత చట్టంలో 10 వేలుండేది 2019 సవరణతో లక్ష చేశారు, మీది ఎలాగూ లక్ష దాటుతుంది. తీర్పు సర్టిఫైడ్ కాపీకి (కోర్టు ముద్ర వేసిచ్చే నకలు) ఇవాళే అప్లికేషన్ పెట్టండి, రేపు కాదు, కాపీ కోసం ఆగిన రోజులు 90 రోజుల్లోంచి మినహాయిస్తారు గానీ అప్లికేషన్ పెడితేనే.

15 లక్షలే అడిగారు కాబట్టి అంతకు మించి రాదా అంటే, వస్తుంది. 2002లో నాగప్ప కేసులోనే సుప్రీంకోర్టు చెప్పింది, న్యాయమైన పరిహారం ఎంతో అంత ఇవ్వాలి, అడిగినదానికి కట్టేసుకుని కూర్చోనక్కర్లేదని. ఎక్కువిస్తే ఆ ఎక్కువకి కోర్టు ఫీజు తేడా కట్టమంటారు, అంతే.

ఏళ్లు పడుతుందని మీ లాయర్ చెప్పింది అబద్ధం కాదు. కానీ పెరిగిన మొత్తానికి కూడా మామూలుగా మీరు కింద కేసు వేసిన రోజు నుంచి వడ్డీ వేస్తారు, మీకు ఏడున్నర శాతం వేశారు కదా, ఆలస్యం అయినా మొత్తం మునిగిపోవడం ఉండదు. ఒక రిస్కు మాత్రం చెప్పాలి. మీరు అప్పీలు వేస్తే నోటీసు అందుకున్న ఇన్సూరెన్స్ వాళ్లు కూడా తగ్గించమని క్రాస్ ఆబ్జెక్షన్స్, అంటే మీ అప్పీలులోనే ఎదురు అభ్యంతరాలు, వెయ్యొచ్చు. మీ తీర్పు చూస్తే తగ్గించడానికి వాళ్లకి చోటు ఎక్కడా నాకు కనపడలేదు. నన్నడిగితే మీ బావమరిది చెప్పిందే కరెక్టు.

ప్రశ్న: మేడమ్, మా ఆయనకి లారీ యాక్సిడెంట్లో తుంటి విరిగింది. అవార్డు వచ్చి ఏడు నెలలైంది. తక్కువొచ్చిందని తెలుసుగానీ అప్పట్లో మళ్లీ ఇన్ఫెక్షన్ వచ్చి ఆస్పత్రిలోనే ఉన్నాం. 90 రోజులు దాటిపోతే ఇంక ఏమీ లేదని అంటున్నారు నిజమేనా?

జవాబు: ఏమీ లేదని ఎవరన్నారమ్మా. 90 రోజులు దాటినా సరైన కారణం చూపిస్తే హైకోర్టు అప్పీలు తీసుకోవచ్చని అదే 173వ సెక్షన్లో ఉంది. అప్పీలుతో పాటు ఆలస్యాన్ని మన్నించమని ఒక పిటిషను, దానికి అఫిడవిట్టు వేస్తారు. అందులో తెలియక ఆలస్యమైంది అని ఒక్క వాక్యం రాస్తే చాలదు, ఎప్పుడు చేరారు, ఎప్పుడు డిశ్చార్జ్ చేశారు, మళ్లీ ఎప్పుడు చేరారు అని తేదీలతో రాయాలి, డిశ్చార్జ్ సమ్మరీలు జతచెయ్యాలి. మీ దగ్గర అవి ఉన్నాయి కాబట్టి మీకు భయంలేదు. చాలాసార్లు కోర్టు ఆలస్యం మన్నిస్తూనే ఆ ఆలస్యమైన రోజులకి పెరిగిన మొత్తం మీద వడ్డీ ఉండదని షరతు పెడుతుంది, అది ఒప్పుకోవాల్సిందే. కానీ ఇది చదివి ఇంకో రెండు నెలలు ఆగి పోదాంలే అనుకోవద్దు, ఇప్పటిదాకా అయిన ఆలస్యానికి కారణం ఉంది, ఇకమీద అయ్యేదానికి లేదు.

ప్రశ్న: నాకు ట్రిబ్యునల్లో 11 లక్షలొచ్చింది. అది కూడా తక్కువే అనుకుని సర్దుకుపోతుంటే ఇన్సూరెన్స్ కంపెనీ ఎక్కువిచ్చారని హైకోర్టుకి పోయింది, నోటీసు వచ్చి పది రోజులైంది. సగం డబ్బు కట్టమని స్టే ఇచ్చారంట. నేనేం చెయ్యాలి?

జవాబు: పది రోజులు అంటున్నారు, అంటే ఇంకా టైముంది, ఈ వారమే హైకోర్టులో ఒక లాయర్ని పెట్టుకోండి. అవతలివాళ్లు అప్పీలు వేసినప్పుడు మీరు విడిగా అప్పీలు వెయ్యకపోయినా నోటీసు అందిన నెల లోపల క్రాస్ ఆబ్జెక్షన్స్ వేసి, తగ్గించడం కాదు పెంచండి అని అడగొచ్చు. ఇది వెయ్యకుండా ఊరికే కూర్చుంటే ఏమవుతుందంటే 2011లో రంజనా ప్రకాష్ కేసులో సుప్రీంకోర్టు చెప్పినట్టు, ఇన్సూరెన్స్ వాళ్ల అప్పీలులో మీరు వచ్చినదాన్ని కాపాడుకోగలరు గానీ పెంచమని అడగలేరు. తర్వాత 2020లో సురేఖ కేసులో క్రాస్ అప్పీల్ వెయ్యలేదన్న సాంకేతిక కారణంతో పెంచకుండా ఉండటం సరికాదని కూడా అంది. ఆ రెండో తీర్పు మీద ఆధారపడి కూర్చోవడం ఎందుకండీ, నెల లోపల వేసేస్తే గొడవే లేదు.

సగం డబ్బు కోర్టులో కట్టారు కదా, దాన్ని విత్‌డ్రా చేసుకోనివ్వమని పిటిషన్ వెయ్యండి. చాలామందికి ఈ సంగతి తెలియక అప్పీలు తేలేదాకా పైసా రాదనుకుంటారు. స్టే ఆర్డర్లోనే విత్‌డ్రా గురించి ఒక లైను ఉండొచ్చు, ముందు ఆర్డర్ కాపీ తీసి చదవండి.

ప్రశ్న: పోయినేడాది లోక్ అదాలత్‌లో 3 లక్షలకి రాజీ అయ్యాం. తర్వాత తెలిసింది మా పక్కింటాయనకి అలాంటి దెబ్బకే 9 లక్షలొచ్చాయని. ఇప్పుడు అప్పీలు చేసుకోవచ్చా?

జవాబు: చేసుకోలేరు. లోక్ అదాలత్ అవార్డు మీద అప్పీలు లేదని 1987 నాటి లీగల్ సర్వీసెస్ అథారిటీస్ చట్టంలో 21వ సెక్షన్లో ఉంది. మోసం చేసి సంతకం పెట్టించుకున్నారనో, మీరు లేకుండా మీ పేరుతో రాజీ రాశారనో అయితే హైకోర్టులో రిట్ వెయ్యొచ్చు, అదీ చాలా కొద్ది కారణాల మీదే. పక్కింటాయనకి ఎక్కువొచ్చిందన్నది ఆ కారణాల్లో లేదు. లోక్ అదాలత్ మంచిదే, డబ్బు త్వరగా వస్తుంది, కానీ అక్కడికి పోయేముందు పైన టైల్స్ మేస్త్రి గారికి కట్టినట్టు ఒక లెక్క కాగితం మీద కట్టుకుని పోవాలి, అప్పుడు 3 లక్షలు ఎక్కువో తక్కువో తెలుస్తుంది.

ప్రశ్న: ముగ్గురం ఒక బైక్ మీద వస్తుంటే వెనకనుంచి వ్యాన్ కొట్టింది. నేను మధ్యలో కూర్చున్నా, బండి మా ఫ్రెండ్ నడుపుతున్నాడు, వాడికి లైసెన్స్ లేదు. మాదీ తప్పుందని నాకిచ్చినదాంట్లో 30 శాతం కోసేశారు. ఇది కరెక్టేనా అండి?

జవాబు: ముగ్గురు ఎక్కడం తప్పే తమ్ముడూ, ఫైన్ కట్టాల్సిందే, ఆ విషయంలో నిన్ను వెనకేసుకురాను. కానీ ఫైన్ వేరు పరిహారం వేరు. ముగ్గురు కూర్చోవడం వల్లే యాక్సిడెంట్ అయిందనో, దానివల్లే దెబ్బ ఎక్కువ తగిలిందనో అవతలివాళ్లు చూపించాలి. 2020లో మహమ్మద్ సిద్దిఖీ కేసు అచ్చం ఇలాంటిదే, బైక్ మీద ముగ్గురు, వెనకనుంచి కారు గుద్దింది, హైకోర్టు 10 శాతం కోస్తే సుప్రీంకోర్టు ఆ కోత కొట్టేసింది. లైసెన్స్ సంగతి కూడా అంతే, లైసెన్స్ లేనంత మాత్రాన బండి నిర్లక్ష్యంగా నడిపినట్టు కాదని 2008లో సుధీర్ కుమార్ రాణా కేసులో ఉంది. పైగా నువ్వు బండి నడపలేదు, నీ ఫ్రెండ్ తప్పు ఏదన్నా ఉన్నా అది నీ నెత్తిన వెయ్యడానికి వీల్లేదు, రెండు బళ్ల వాళ్లదీ తప్పుంటే ఎవరి దగ్గరనుంచైనా మొత్తం రాబట్టుకోవచ్చని 2015లో ఖెన్యేయి కేసులో చెప్పారు. పోలీసుల ఛార్జిషీట్ వ్యాన్ డ్రైవర్ మీదే ఉంటే ఆ కాపీ, సీన్ స్కెచ్, వెనక భాగం డ్యామేజీ రాసిన ఎంవీఐ (మోటారు వాహనాల ఇన్‌స్పెక్టర్) రిపోర్టు, ఈ మూడూ మీ కేసులో సాక్ష్యంగా మార్క్ అయ్యాయో లేదో చూసుకో.

ప్రశ్న: మా అమ్మకి 48 ఏళ్లు, ఆటో గుద్ది భుజం విరిగింది, చెయ్యి పైకి లేవదు. అమ్మ ఇంట్లోనే ఉంటుంది, సంపాదన లేదు కాబట్టి భవిష్యత్ సంపాదన కింద ఏమీ ఇవ్వలేదు, బిల్లులు ఇంకా ఒక 50 వేలు ఇచ్చారు.

జవాబు: ఇంట్లోనే ఉంటుంది అని మీరే రాశారు చూడండి, ఉత్తరం చదువుతుంటే నాకు అక్కడే మనసు చివుక్కుమంది. పొద్దున లేచిన దగ్గర్నుంచి వంట, బట్టలు, అంట్లు, పెద్దాళ్లని చూసుకోవడం, అదంతా ఎవరైనా చేస్తే జీతం ఇవ్వమా? 2021 జనవరిలో కీర్తి వర్సెస్ ఓరియంటల్ ఇన్సూరెన్స్ కేసులో సుప్రీంకోర్టు గృహిణి పనికి ఆదాయం లెక్కకట్టాల్సిందే, భవిష్యత్ పెరుగుదల కూడా కలపాల్సిందే అని చెప్పింది. అది మరణం కేసు, అయినా గృహిణికి ఆదాయం ఉన్నట్టే లెక్క అన్న పాయింటు మీ అమ్మగారి కేసుకీ పనికొస్తుంది. 46 నుంచి 50 మధ్య వయసుకి మల్టిప్లయర్ 13, పెరుగుదల 25 శాతం. మీ కేసులో నాకు కనపడే చిక్కల్లా డాక్టర్ని సాక్షిగా పిలవలేదు, సర్టిఫికెట్ ఒక్కటే దాఖలు చేశారు. డాక్టర్ నోటితో చెప్పించకుండా వైకల్యం శాతం ఒప్పుకోవడం కష్టం. అప్పీలులో కొత్త సాక్ష్యం పెట్టడానికి సివిల్ ప్రొసీజర్ కోడ్ 41వ ఆర్డర్ 27వ రూల్ కింద పిటిషన్ వెయ్యొచ్చు గానీ కింద కోర్టులో ఎందుకు పెట్టలేదో చెప్పాలి, సులువుగా ఒప్పుకోరు. హైకోర్టు ఒప్పుకుని కేసు మళ్లీ కిందకి పంపినా నష్టం లేదు, సాక్ష్యం సరిగ్గా పెట్టుకునే అవకాశం వస్తుంది.

ప్రశ్న: మా తమ్ముడు తలకి దెబ్బ తగిలి మంచానికే పరిమితమయ్యాడు, నేనో మా అమ్మో పక్కనుండాలి. మనిషిని పెట్టుకోవడానికి అని మొత్తం కలిపి లక్ష ఇచ్చారు. జీవితాంతం చూసుకోవాలి కదా?

జవాబు: 2020లో కాజల్ వర్సెస్ జగదీష్ చంద్ అని ఒక కేసుంది, 12 ఏళ్ల పాప, తలకి దెబ్బ తగిలి వంద శాతం వైకల్యం. అక్కడ సుప్రీంకోర్టు చూసుకునే మనిషి ఖర్చుని కూడా మల్టిప్లయర్‌తోనే కట్టింది, నెలకి 5,000 చొప్పున ఇద్దరు మనుషులకి, ఇంటూ 12, ఇంటూ 18, అలా 21,60,000 ఒక్క ఆ పద్దు కిందే ఇచ్చింది. జీవితాంతం అవసరమైనదానికి గుండుగుత్తగా లక్ష ఇస్తే చాలదన్నది మీ అప్పీలులో మొదటి గ్రౌండ్ కావాలి. ఇంట్లోవాళ్లే చూసుకుంటున్నారు ఖర్చేముంది అని అవతల అంటారు, మీరు పని మానుకుని చూసుకుంటే అది ఖర్చు కాకపోతే ఏమిటి.

ప్రశ్న: హైకోర్టులో అప్పీలు వెయ్యడానికి ఒక లాయర్ ముందు ఫీజు వద్దు, పెరిగినదాంట్లో 30 శాతం ఇవ్వమంటున్నాడు, ఖాళీ చెక్కులు రెండు అడిగాడు. నాకు నడవడం కష్టం, చేతిలో డబ్బు లేదు. ఒప్పుకోనా?

జవాబు: ఒప్పుకోవద్దు. కేసులో వచ్చే డబ్బులో వాటా మాట్లాడుకోకూడదని బార్ కౌన్సిల్ ఆఫ్ ఇండియా రూల్సులోనే ఉంది, నా వృత్తివాళ్ల గురించి నేనే ఇలా రాయాల్సి రావడం బాధగానే ఉంటుంది గానీ ఏం చేస్తాం. ఖాళీ చెక్కులు ఎవరికీ ఇవ్వొద్దు. మీకు వైకల్యం ఉంది కాబట్టి లీగల్ సర్వీసెస్ చట్టం 12వ సెక్షన్ కింద ఉచితంగా లాయర్ని పొందే హక్కుంది, అలాగే ఆడవాళ్లకి, పిల్లలకి, ఎస్సీ ఎస్టీలకి, ఆదాయం తక్కువున్నవాళ్లకి కూడా. హైకోర్టులోనే లీగల్ సర్వీసెస్ కమిటీ ఉంటుంది, అప్పీలు వాళ్లే వేయిస్తారు. మీరు కదల్లేకపోతే 15100కి ఫోన్ చెయ్యండి, లేదా మీ జిల్లా కోర్టు ఆవరణలో ఉండే న్యాయసేవాధికార సంస్థ ఆఫీసుకి ఇంట్లో ఎవరినైనా పంపండి. వాళ్ల చేతికి అవార్డు సర్టిఫైడ్ కాపీ, వైకల్య సర్టిఫికెట్, ఆధార్ జిరాక్స్ ఇచ్చి పంపండి, అవార్డు తేదీ మీద పెన్నుతో ఒక గుండ్రం చుట్టి పెట్టండి, వాళ్లు మొదట అడిగేది అదే.